భుజం మార్చే చోటు

మందస బస్టాండులో ఆకులో కట్టిన కోవా
సగం తినేలోపే వచ్చాడు ఢిల్లేసు.
"పేరే ఢిల్లేసండి. పలాస దాటి
నానెప్పుడూ రైలెక్కలేదు" అని
మేం నవ్వకముందే తనే నవ్వేశాడు.

నలుగురం మేం.
నా బూట్లు కొత్తవి, విజయనగరం గంటస్తంభం పక్క సందులో
గంటసేపు బేరమాడి కొన్నవి.
అతనివి రబ్బరు చెప్పులు,
ఒకటి నీలం, ఒకటి నలుపు.

జీడితోటల్లోంచి దారి.
"ఇక్కడ గట్టిగా మాటాడుకోండి.
ఎలుగు సిగ్గుది. మనం వత్తన్నామని తెలిస్తే
అదే తప్పుకుంటాది."
అంచేత ఎలుగుబంటి కోసం
ఆఫీసు సంగతులు అరుచుకుంటూ నడిచాం:
బదిలీలు, డీఏ బకాయిలు, మేనేజరు మొహం.
ఏ ఎలుగూ రాలేదు.
వినలేక పారిపోయి ఉంటుంది.

ఇంకెంత దూరం?
"రెండు కేకలు."
మొదటి కేకే ఎంతకీ అయిపోలేదు.

ఒక బండ దగ్గర ఆపాడు.
గెడ్డ దాటాక మద్దిచెట్టు కింద ఆపాడు.
తర్వాత మలుపులో, నీడ లేని చోట.
"ఇక్కడెందుకు, ఎండ కదా?"
"అలవాటండి. ఇక్కడ భుజం మారుత్తాం."
ఎవరి భుజం, దేనికి అంటే
చేత్తో గాల్లో గీశాడు:
ఒక వాసం, వాసానికి దుప్పటి,
దుప్పట్లో మనిషి.
"ఆ ఏడు వానల్లో మా వదిన్ని దించుతుంటే
బండ కాడ నొప్పులెక్కువైపోయాయి.
మద్ది కాడ పిల్ల పుట్టీసింది.
మద్దెమ్మనే పిలుత్తాం."
ఇంకేం చెప్పలేదు. నీళ్ళ సీసా నాకిచ్చి
నా బ్యాగు కూడా తగిలించుకున్నాడు.

మాకిచ్చిన కాయితంలో ఆ చోటు పేరు
వ్యూ పాయింట్ మూడు.
నిజమే, కనిపిస్తుంది.
కింద రోడ్డు, రోడ్డు చివర తెల్ల అంబులెన్సు,
అగ్గిపెట్టంత,
పైకి రాలేనిది.

చీపురుగూడ. ఇరవై రెండు గడపలు,
ఒకే వరస, ఒకరి గోడే పక్కవాళ్ళకీ గోడ.
బోడెమ్మ ఇంట్లో మా బస.
ఎర్రమట్టి మీద తెల్లపిండి బొమ్మలు:
చేతులు పట్టుకున్న మనుషులు, నెమలి, దువ్వెన, ఏనుగు,
ఏనుగు పక్కన
సెల్ టవరు.
"అది ఇంకా రాలేదండి" అన్నాడు ఢిల్లేసు.
"రమ్మనే ఏశాం."

బోడెమ్మ అత్తకి తెలుగు రాదు. నాకు సవర రాదు.
గొంతు చూపిస్తే "డా" అని నీళ్ళిచ్చింది.
నేనూ "డా" అన్నాను.
చోడి అంబలికీ వెదురుకొమ్ముల కూరకీ మధ్య
ఆ ఒక్క మాట కోసమే
దాహం లేకపోయినా ఎన్నిసార్లు తాగానో.

అర్ధరాత్రి మోకాలు సలిపి బయటికొచ్చాను.
అరుగు మీద, ఆరిపోతున్న నిప్పుల చుట్టూ
ఇంటివాళ్ళు ఐదుగురు, ఒకే దుప్పటి.
మిగతావన్నీ మా దగ్గరే ఉన్నాయి.
నా మీదది తీసి కప్పుదామనుకున్నాను.
కప్పలేదు. చలేసింది.
ఈ ముక్క రాయకుండా ఉండొచ్చు.

పొద్దున్నకి మోకాలు గుమ్మడికాయ.
"డోలీ కట్టించమంటావా?" సుగుణ నవ్వింది.
ఢిల్లేసు నవ్వలేదు.
తూకం తెలిసినవాడు నన్ను చూసినట్టు చూసి
"ఆరుగురు కావాలి. అందరూ పనులకెళిపోనారు.
ఇద్దరమే ఉన్నాం" అన్నాడు.

నడిచాను.
మద్దెమ్మ కొంతదూరం నా బూటు తాడు పట్టుకుని వచ్చింది,
అదేదో మేకపిల్లని తోలుతున్నట్టు.

మలుపులో, ఎవరూ చెప్పకుండానే ఆగాను.
కింద తెల్లబండి లేదు.
ఎవరికో అవసరపడిందేమో.
ఊరికి ఇంకా ఒక కేక దూరంలోనే ఉన్నాం కాబట్టి
ఒక కేక వేశాను.
పైనుంచి ఎవరో బదులిచ్చారు,
బోడెమ్మో, వాళ్ళ అత్తో, పిల్లో.
ఏమన్నారో ఏమో.
నాకొచ్చిన సవర మాట ఒక్కటే,
అదే వినబడింది.